లేపేసిన నాలుగో రీలు: ఒక అల్జీరియన్ దర్శకుడు-విమర్శకుడి కేస్ స్టడీ

నేను ఫ్రాన్స్‌లోని మార్సెయ్‌లో డాక్యుమెంటరీలకు ఎడిటింగ్ చేస్తాను. పూణేలో చదువుకుని ఇక్కడికి వచ్చి పంతొమ్మిదేళ్లయింది. డాక్టర్లలా కేస్ షీట్ రాసుకునే అలవాటు మా ఎడిటర్లకు లేదు. ఈ ఒక్క పని గురించి మాత్రం రాసి పెట్టాలనిపించింది. ఇందులో నేనిచ్చిన సలహాల్లో సగం తప్పాయి. తప్పినవన్నీ ఇచ్చేటప్పుడు చాలా సబబుగా అనిపించినవే. దర్శకుడి పేరు, పుట్టిన ఊరు, సినిమాల పేర్లు తీసేశాను, ఆయన్ని గుర్తుపట్టే వివరాలు కొన్ని మార్చాను. రాసిందంతా ఫ్రెంచిలో చెప్పి ఆయనకు వినిపించాను. ఒక చోట ఆపి, "ఇక్కడ నువ్వు నాకంటే తెలివైనదానిలా కనిపిస్తున్నావు" అన్నారు. ఆ వాక్యం తీసేశాను.

నేపథ్యం

అల్జీరియాకి స్వాతంత్ర్యం వచ్చింది 1962 జూలై 5న. ఆ తర్వాత కొన్నేళ్లకు, రాజధానికి దూరంగా ఒక చిన్న పట్నంలో ఆయన పుట్టారు. ఊరికంతా ఒకే సినిమా హాలు. ఫ్రెంచివాళ్లు వదిలేసి వెళ్లిన హాళ్లను ప్రభుత్వం జాతీయం చేసి, తర్వాత మున్సిపాలిటీల చేతిలో పెట్టింది. ఆ హాలూ అలాంటిదే. 1980లలో చదువుకోసం అల్జీర్స్ వెళ్లి, తరగతి గదిలో కన్నా, పాత సినిమాలు దాచి ఆడించే సినెమాతెక్‌లోనే ఎక్కువసేపు ఉన్నానంటారు. 1965లో తెరిచిన ఆ సినెమాతెక్‌లో సినిమా తర్వాత జరిగే చర్చ ఒక్కోసారి సినిమా కంటే పొడుగ్గా సాగేదట. ఆయన మాట్లాడటం నేర్చుకున్నది అక్కడే. ఎవరైనా ఒక మాట అంటే లేచి కాదనడం, కాదన్నాక ఎందుకు కాదో చెప్పలేకపోతే సిగ్గుపడి కూర్చోవడం. ఈ వివరం గుర్తుంచుకోండి, నాకు రెండేళ్లు ఆలస్యంగా గుర్తొచ్చింది.

1988 అక్టోబర్ అల్లర్ల తర్వాత, 1990లో ప్రైవేటు పత్రికలకు దారి తెరుచుకుంది. కొత్తగా పుట్టిన ఒక దినపత్రికలో సినిమా పేజీ ఆయనకిచ్చారు. 1992 జనవరిలో ఎన్నికలు రద్దయ్యాయి, అంతర్యుద్ధం మొదలైంది. 1993 మే 26న రచయిత, పత్రికా సంపాదకుడు తాహర్ జావూత్‌ని ఇంటి ముందే కాల్చారు, వారం తర్వాత చనిపోయాడు. అక్కడినుంచి జర్నలిస్టుల వంతు వరుసగా వచ్చింది. మనవాడు 1994లో స్వల్పకాలిక వీసా మీద ఫ్రాన్స్ వచ్చి, తిరిగి వెళ్లలేదు.

ఇక్కడ మొదట ఒక హోటల్లో రాత్రి డ్యూటీ, పగలు సినిమా రివ్యూలు. ఫ్రెంచి పత్రికలు ఫెయ్యే లెక్కన డబ్బిస్తాయి. ఒక ఫెయ్యే అంటే ఖాళీలతో కలిపి 1500 అక్షరాలు. పాతికేళ్లలో ఆయన తీసినవి రెండు షార్ట్ ఫిల్మ్‌లు, టీవీకి ఒక 52 నిమిషాల డాక్యుమెంటరీ. రాసిన ఫెయ్యేలకు లెక్కలేదు.

ఆ నిష్పత్తి అలా ఎందుకుందో చెప్పాలి, ఎందుకంటే చాలామంది దాన్ని బద్ధకం అనుకున్నారు. నాతో సహా. ఫ్రాన్స్‌లో సినిమా పనివాళ్లకు నిరుద్యోగ భృతి ప్రత్యేక పద్ధతిలో వస్తుంది. పన్నెండు నెలల్లో 507 గంటల సినిమా పని చూపిస్తే, పని లేని రోజులకు భృతి ఇస్తారు. నేను బతికేదీ దాని మీదే. పత్రికకు రాసిన రివ్యూకి డబ్బు వస్తుంది కానీ అది జర్నలిస్టు జీతం కింద లెక్క, ఒక్క గంట కూడా ఈ 507లో కలవదు. అంటే ఆయన ఎక్కువ రాసిన ఏడాది సినిమావాడిగా హక్కు పోయేది. హక్కు కోసం ఎవరి సినిమాలోనో అసిస్టెంటుగా తిరిగిన ఏడాది పత్రికలో ఆయన చోటు ఇంకొకరికి పోయేది. విమర్శకులు దర్శకులవడం పారిస్‌లో మామూలేనని, ట్రూఫో, గొదార్ లాంటి 1950ల కుర్రాళ్ల పేర్లు చెప్పి ఆయన్ని ఊరించేవారు. ఆ కుర్రాళ్లకు ఏ సినిమా గురించైనా రాసే స్వేచ్ఛ ఉండేది. మనవాడికి ఫోన్ వచ్చేది అల్జీరియా సినిమా రిలీజైనప్పుడే. కొరియా సినిమా గురించి రాస్తానంటే నవ్వేవారట.

నా దగ్గరికి వచ్చిన సమస్య

2019 ఫిబ్రవరిలో, మూతపడ్డ ఆ ఊరి హాలు మీద సినిమా తీయాలని, ఒక చిన్న కెమెరాతో ఆయన అల్జీరియా వెళ్లారు. ఫిబ్రవరి 22న, శుక్రవారం, దేశమంతా వీధిలోకొచ్చింది. హిరాక్ అనే జనోద్యమం మొదలైంది. ఏప్రిల్ 2న అధ్యక్షుడు బూతెఫ్లికా రాజీనామా. ఆయన హాలు తీస్తూనే, ప్రతి శుక్రవారం ఊరేగింపులూ తీశారు. వేసవిలో 61 గంటల రషెస్, అంటే ఇంకా ఎడిట్ చేయని ఫుటేజ్, ఉన్న రెండు హార్డ్ డిస్కులు తెచ్చి నా బల్ల మీద పెట్టి, "ఖ్తీ, ఇందులో రెండు సినిమాలున్నాయి, ఒకటి తీసెయ్యి" అన్నారు. ఖ్తీ అంటే వాళ్ల దార్జా అరబిక్‌లో 'మా చెల్లీ' అని. మొదటి రోజు నుంచీ ఆయన నన్ను నువ్వు అనే అన్నారు. నేను మూడేళ్లూ మీరు అనే అన్నాను.

నిర్మాణ సంస్థ అంటే ఇద్దరే మనుషులు, ఒక అద్దె గది. ఒక టీవీ చానెల్ ఆసక్తి చూపించింది. చానెల్ పేరు చెప్పను. వాళ్లు అడిగింది హిరాక్. ఆయన తీయదలచుకున్నది హాలు. పైగా 47 పేజీల వాయిస్ ఓవర్, అంటే బొమ్మల మీద వినిపించే వ్యాఖ్యానం, రాసుకొచ్చారు.

నాకు దార్జా రాదు. ఒక విద్యార్థిని మాటలన్నీ ఫ్రెంచిలోకి దించి ఇచ్చేది, ఆ కాగితాలు పక్కన పెట్టుకుని కట్ చేసేదాన్ని. దర్శకుడు "నల్", అంటే పనికిరాదు, అని గుర్తు పెట్టిన క్లిప్పుల్ని డబ్బు మిగులుతుందని అనువాదానికి పంపలేదు. అలాంటివి తొమ్మిది గంటలు.

మొదటి కట్: అంతా చెప్పేసే గొంతు

మొదటి కట్ 94 నిమిషాలు, ఆయన చెప్పినట్టే చేశాను. నా లెక్క ఇది: తనకు తానుగా తప్పు చూసుకోగల మనిషి, ఇతరుల సినిమాల్లో ఇదే తప్పు పట్టుకుని ముప్పై ఏళ్లుగా రాస్తున్నవాడు, తెర మీద చూస్తే ఆయనకే తెలుస్తుంది. నేను నోరు మూసుకుంటే చాలు.

తెలియలేదు. ఖాళీ కుర్చీల షాట్ వస్తే "ఈ ఖాళీ ఒక తరం మౌనం" అని గొంతు వినిపించేది. ఊరేగింపులో ఒక ముసలామె చెప్పు తెగితే, ఆమె ఆగి ముడి వేసుకునేలోపే ఆ చెప్పుకి అర్థం చెప్పేసేవారు. రాసిన మాటలు విడిగా చదివితే అద్భుతం. షాట్ మీద పడితే షాట్ చచ్చిపోయేది. నలుగురికి చూపించాం. ఒకరు, "వ్యాసం బాగుంది, బొమ్మలెందుకు?" అన్నారు. ఆయన ఆ రాత్రి నాకు ఇరవై నిమిషాల వాయిస్ మెసేజ్ పంపారు. అన్న మనిషి మీద, నా మీద, తన మీద, సినిమా మీద. చాలా బాగా తిట్టారు. నేను అది విని పడుకున్నాను. ఆ మెసేజ్‌లోని గొంతుకీ వాయిస్ ఓవర్ గొంతుకీ ఉన్న తేడా అప్పుడే పట్టుకోవాల్సింది.

రెండో కట్: గొంతు తీసేస్తే

2020 జనవరిలో రెండు నిర్ణయాలు తీసుకున్నాం. రెండూ నావే. ఒకటి, వాయిస్ ఓవర్ మొత్తం తీసేసి, చానెల్ అడిగినట్టు హిరాక్ చుట్టూ 52 నిమిషాలు కట్టడం. రెండు, సినిమా అయ్యేవరకు ఆయన రివ్యూలు రాయడం మానేయడం. విమర్శకుడు దర్శకుణ్ణి నలిపేస్తున్నాడు కాబట్టి కొన్నాళ్లు విమర్శకుణ్ణి ఇంట్లో కూర్చోబెడదామని నా ఉద్దేశం. ఇంకో సంగతీ ఉంది. హిరాక్ మీద ఇతరుల సినిమాలు వరుసగా వస్తున్నాయి, వాటి మీద ఆయన రాస్తే, రేపు అదే విషయం మీద తన సినిమా వచ్చినప్పుడు ముఖం ఎలా చూపిస్తారు? ఆయన ఒప్పుకున్నారు. ఒప్పుకోవడంలో అలసట ఉందని నాకు తెలుసు, అయినా దాన్ని సమ్మతి కింద లెక్కేసుకున్నాను.

మార్చిలో కోవిడ్. ఊరేగింపులు ఆగిపోయాయి, అల్జీరియా సరిహద్దులు మూసేసింది. విదేశాల్లో ఉన్న తన పౌరుల్ని కూడా ప్రత్యేక విమానాల్లో తప్ప రానివ్వలేదు. ఏదైనా తక్కువైతే మళ్లీ వెళ్లి తీసుకొద్దామనుకున్న దారి మూసుకుపోయింది. ఉన్న 61 గంటలే సినిమా.

మే నెలలో ఫ్రెంచ్ టీవీలో హిరాక్ డాక్యుమెంటరీలు ప్రసారమయ్యాయి. అల్జీరియా ప్రభుత్వం కోపంతో పారిస్ నుంచి తన రాయబారిని సంప్రదింపులకని వెనక్కి పిలిపించింది. అది ప్రభుత్వాల గొడవ. మాకు తగిలింది ఇంకో దెబ్బ. ఊరేగింపుల్లో నడిచిన యువత కూడా చాలామంది మండిపడ్డారు, మమ్మల్ని ఇలా చూపిస్తారా అని. రెండు రోజుల్లో మా రషెస్‌లో ఉన్న ఇద్దరు కుర్రాళ్లు ఫోన్ చేసి, మా ముఖాలు తీసేయండన్నారు. వాళ్లకు అప్పటికి నిజంగానే అరెస్టుల భయం ఉంది. సంతకాలు చేసిన కాగితాలు మా దగ్గరున్నాయి, చట్టం మా వైపే. తీసేశాం. దీని మీద పెద్ద చర్చేమీ జరగలేదు, జరగాల్సిన అవసరమూ లేదు. కానీ వాళ్లిద్దరూ పోయాక 52 నిమిషాల్లో మిగిలింది జనం, జెండాలు, "యెత్నహావ్ గా" అనే నినాదం. అందరూ పోవాలి అని దాని అర్థం. ఆ షాట్లు అప్పటికి ప్రతి చానెల్ దగ్గరా ఉన్నాయి.

ఖాళీని పూడ్చడానికి చానెల్ ఒక ఉపాయం చెప్పింది. దర్శకుడు కెమెరా ముందు కూర్చుని 1994లో దేశం ఎందుకు వదిలారో చెప్పాలి. మా వంటగదిలో తెల్ల గోడ ముందు కూర్చోబెట్టి తీశాం. మూడు టేకులు. మొదటి టేకులో తడబడ్డారు, ఒక చోట గొంతు పూడుకుపోయింది. మూడో టేకులో సరిగ్గా అదే మాట దగ్గర, అదే రీతిలో గొంతు పూడుకుపోయింది. కెమెరా ఆపేశాను. ఆయన లేచి టీ పెట్టుకుంటూ, "మూడోది బాగా వచ్చింది కదా?" అన్నారు, వెటకారంగా. అది చానెల్‌కి పంపలేదు. శరదృతువులో చానెల్ మర్యాదగా ఒక ఉత్తరం రాసి తప్పుకుంది.

ఎందుకు విఫలమైందో అప్పట్లో నేను రాసుకున్న నోట్సు ఇంకా ఉంది: "అంశం పాతబడింది, కోవిడ్, చానెల్." అన్నీ నిజాలే. కానీ అసలు కారణం వాటిలో లేదు. మొదటి కట్‌లో ఆయన మరీ ఎక్కువ ఉన్నారని, రెండో కట్‌లో ఆయన్ని మొత్తంగా తీసి పారేశాను. ఎవరైనా తీయగలిగిన సినిమా మిగిలింది. దానికి తోడు నా రెండో నిర్ణయం. రివ్యూలు ఆపడంతో నెలకు వచ్చే డబ్బు సగానికి పడిపోయింది, పత్రికల ఎడిటర్లు ఫోన్ చేయడం మానేశారు. అంతకన్నా చెడ్డది, ఎడిటింగ్ గదిలో ఆయన చూపు మొద్దుబారింది. ఏది చూపించినా "బాగుంది" అనేవారు. పదును పెట్టుకునే రాయిని నేనే లాక్కున్నాను.

మధ్యలో పాత ఆర్కైవ్ ఫుటేజ్ కొందామని ఒక ఆలోచన వచ్చింది. నిమిషం లెక్కన ధర చూశాక ఆ ఆలోచన పోయింది.

"బోబీన్ కాత్ర్"

2021 ఫిబ్రవరి. చేయడానికి వేరే పనేమీ లేక, నల్ అని గుర్తు పెట్టిన తొమ్మిది గంటలు వరసగా చూడటం మొదలుపెట్టాను. మూడో రోజు ఒక క్లిప్ వచ్చింది. మూతపడ్డ హాలు లోపల, చీకటి. రిటైరైన ప్రొజెక్టర్ ఆపరేటర్ చేతిలో టార్చిలైటు. చిరిగిన తెర మీద వెలుగు వేసి ఏదో చెబుతున్నాడు. కెమెరా వెనక నుంచి మా దర్శకుడి గొంతు, "లా, లా, లా" అని. కాదు, కాదు అని. ముసలాయన నవ్వుతున్నాడు. దర్శకుడి గొంతు పైకి లేస్తోంది. నాకు ఒక్క ముక్క అర్థం కాదు, కానీ మధ్యమధ్యలో రెండు ఫ్రెంచి మాటలు పదేపదే వస్తున్నాయి: "బోబీన్ కాత్ర్". నాలుగో రీలు.

ఆ రెండు మాటలకే నాకు నవ్వొచ్చింది. మా అమ్మమ్మగారి ఊళ్లో సెకండ్ షోకి ఆపరేటర్ రీలు లేపేయడం మామూలు. ఆఖరి బస్సు పోతుందని ఒక పాటో, ఒక ఫైటో ఎగరగొట్టేవాడు. హాల్లో జనం "రీలు లేపేశాడ్రా" అని అరిచేవారు. అల్జీరియాలోనూ ఒక ముసలి ఆపరేటర్ అలాంటిదేదో ఒప్పుకుంటున్నాడని, భాష రాకపోయినా, ఆ నవ్వు చూసి అనుమానం వచ్చింది.

ఇక్కడ నేను చేసిన పని సరైనదో కాదో ఇప్పటికీ చెప్పలేను. దర్శకుడు వద్దని గుర్తు పెట్టిన క్లిప్‌ని ఆయనకు చెప్పకుండా విద్యార్థినికి పంపి అనువాదం చేయించాను. అడిగితే వద్దంటారని తెలుసు. వద్దన్నాక చేయిస్తే మోసం అవుతుంది, అడక్కుండా చేయిస్తే పొరపాటు అవుతుంది, అని నాకు నేను చెప్పుకున్నాను. ఇలాంటి తర్కం ఎడిటర్ల దగ్గర ఎప్పుడూ స్టాకు ఉంటుంది.

అనువాదం వచ్చింది. కథ ఇది. 1970ల చివర్లో వచ్చిన ఒక అల్జీరియన్ సినిమా. మా దర్శకుడు పదిహేనేళ్ల వయసులో ఆ హాల్లో మూడు రోజులు వరసగా చూశారు. 1990లో పత్రికలో చేరగానే రాసిన తొలి పెద్ద వ్యాసం దాని మీదే. అల్జీర్స్ మేధావుల్లో పేరు తెచ్చిన వ్యాసం. సినిమాలో హీరో ఇల్లు విడిచి బయల్దేరతాడు, తెర రెండు సెకన్లు నల్లగా అయిపోతుంది, వెంటనే ఏళ్లు గడిచి అతను తిరిగి వస్తున్నాడు. మధ్యలో ఏం జరిగిందో చెప్పరు. ఆ ఎలిప్స్, చూపించకుండా దాటేయడంలో ఉన్న ఆ ధైర్యం, అల్జీరియా సినిమాకి కొత్త భాష అని ఆయన సిద్ధాంతం చేశారు.

టార్చిలైటు ముసలాయన చెప్పేదేమంటే, రీళ్ల డబ్బాలు పక్క ఊరి నుంచి బస్సులో వచ్చేవి. ఆ సినిమాకి నాలుగో డబ్బా రాలేదు. మూడు రోజులూ మూడో రీలు తర్వాత నేరుగా ఐదో రీలు వేశాడు. అతుకు దగ్గర ఎగిరినట్టు కనబడకుండా, కాంతికి అడ్డుపెట్టే రేకుని మెల్లగా దించి, రెండు లెక్కపెట్టి, మెల్లగా లేపాడు. క్లిప్‌లో అది చేసి చూపిస్తాడు. టార్చి ముందు అరచెయ్యి నెమ్మదిగా దిగుతుంది. తెర నల్లబడుతుంది. "వాహెద్, జూజ్" అని ఒకటి, రెండు లెక్కపెడతాడు. చెయ్యి లేస్తుంది.

ఇరవై నిమిషాల సినిమా బస్సులో ఆగిపోయింది. ఆ రెండు సెకన్ల నలుపు ఆ సినిమా తీసిన దర్శకుడిది కాదు, ఆపరేటర్ అరచేతిది.

మా దర్శకుడు ఒప్పుకోరు. "లేదు, నాకు గుర్తుంది, నేను రాశాను" అంటారు. "నువ్వు రాయడం నాకు తెలీదు, నేను వేశాను" అంటాడు ముసలాయన. పదకొండు నిమిషాల వాదన. చివర్లో మనవాడు అడుగుతారు, "మరి ఎవరూ గొడవ చేయలేదా?" "ఒక్కడూ చేయలేదు. పిల్లలు అసలే కిమ్మనలేదు."

నిర్ణయం

ఆయనకు చెప్పాను. కోపం వచ్చింది, రెండు వారాలు మాట్లాడలేదు. కోపం అనువాదం గురించే అన్నారు గానీ అసలు సంగతి వేరే. "ఇది బయటికెళ్తే నేను ముప్పై ఏళ్లు రాసిందంతా నవ్వులపాలు. నా మొదటి ఇటుకే బస్సులో మర్చిపోయిన ఇటుక."

నేను వాదించలేదు. ఆ పదకొండు నిమిషాల్ని ఏ షాటూ తగ్గించకుండా సబ్‌టైటిళ్లు వేసి, గదిలో ప్లే చేసి, నేను బయటికెళ్లి కూర్చున్నాను. చెప్పకూడదనే నిర్ణయానికి కారణముంది. ఈ మనిషికి ఎవరేం చెప్పినా కాదంటారు. కాదనడానికి ఎదురుగా నేను లేకపోతే, కాదనాల్సింది తెర మీద ఉన్న తన గొంతునే. రెండుసార్లు చూసి బయటికొచ్చారు. సిగరెట్ వెలిగించుకుని, "ఆ తర్వాత ఒకసారి పూర్తి సినిమా చూశాను ఖ్తీ. నాలుగో రీలు లేకుండానే బాగుంది" అన్నారు.

ఆ మాటతో నాకు సినిమా దొరికింది. ఆయన గొంతు సమస్య కాదు. ఎదురుగా మనిషి లేని గొంతు సమస్య. రాసుకొచ్చిన 47 పేజీలు ఎవరికీ జవాబు కావు, అందుకే ప్రతి షాట్‌నీ పట్టుకుని దానికే పాఠం చెప్పాయి. టార్చిలైటు ముసలాయన ఎదురుగా ఉన్నప్పుడు అదే తెలివి, అదే పట్టుదల, సరదాగా, ప్రమాదంగా మారింది, ఓడిపోయే అవకాశం వచ్చింది. రాత్రిళ్లు నాకు పంపిన ఇరవై నిమిషాల తిట్లూ అంతే. సినెమాతెక్‌లో సినిమా అయ్యాక లేచి కాదన్న కుర్రాడే ఆయన. ఆయన విమర్శ, ఆయన సినిమా రెండు ఉద్యోగాలని, ఒకదాన్ని ఆపితే ఇంకోటి నడుస్తుందని అందరం అనుకున్నాం. వాదిస్తున్న ఆయన్ని చూపించడమే సినిమా.

అప్పటినుంచి రషెస్‌లో ఒకే ప్రశ్నతో వెతికాను: ఎవరు ఈయన మాట కాదంటున్నారు? ఊళ్లో లైసే (హైస్కూలు) పిల్లలతో ఒక గంట దొరికింది. సినిమా హాలంటే ఏమిటో తెలియని పిల్లలు, ఫోన్లో చూస్తే తప్పేంటని ఆయన్ని ఏడిపించినంత పనిచేశారు. సరిహద్దులు మూసి ఉన్నందున కొత్తగా తీయగలిగింది ఒకటే, వాట్సాప్ వీడియో కాల్. అల్జీరియాలోనే ఉండిపోయిన ఆయన అక్కతో మాట్లాడించాం. 1992 డిసెంబర్‌లో అల్జీర్స్‌లో, చుట్టుపక్కల జిల్లాల్లో రాత్రి కర్ఫ్యూ పెట్టారు. ఆమె అప్పుడు అక్కడ టీచరు. "నువ్వు హాలు మూసేశారని ఏడుస్తున్నావు, నాకు పద్నాలుగేళ్లు వచ్చాక నేను ఏ హాల్లోనూ అడుగు పెట్టలేదు. అది తెరిచి ఉన్నప్పుడు కూడా నాకు మూసే ఉంది" అంది. ఆయన దగ్గర జవాబు లేదు. బొమ్మ గడ్డకట్టింది, నెట్ పోయిందో ఆయనే కదలకుండా ఉన్నారో మొదట మాకూ తెలియలేదు. ఆ షాట్ పూర్తిగా ఉంచాం.

నాకో తెలివైన ఆలోచన వచ్చింది. సినిమాని ఐదు రీళ్లుగా విడగొట్టి, నాలుగోది లేకుండా, మూడు తర్వాత ఐదు అని టైటిల్ వేద్దామన్నాను. ఆయన ఒక్క క్షణంలో కొట్టేశారు. "ఇది విమర్శకులకు లంచం. రాసుకోవడానికి వాళ్లకో లైను ఇస్తున్నావు. నేనైతే తప్పకుండా రాసేవాణ్ణి, రాసి సిగ్గుపడేవాణ్ణి." ఏడాదిన్నర తర్వాత ఆయన నన్ను మొదటిసారి కాదన్న రోజది. ఆ వారమే మళ్లీ రివ్యూలు రాయడం మొదలుపెట్టారు. ఈసారి నేనే అడిగాను. హిరాక్ సినిమాల మీద మాత్రం రాయనని ఆయనే గీత గీసుకున్నారు, పత్రికల ఎడిటర్లకు ముందే చెప్పారు. నేను అంతా ఆపమన్నది ఎంత మోటు సలహానో అప్పుడర్థమైంది.

శుక్రవారాల ఊరేగింపులు చివరి కట్‌లో నాలుగు నిమిషాలే ఉన్నాయి, ఎక్కువభాగం హాలు లోపల నుంచి వినిపించే శబ్దంగా. వాయిస్ ఓవర్ ఆరు వాక్యాలు. సినిమా నిడివి 78 నిమిషాలు.

ఏం వచ్చింది, ఏం రాలేదు

2022లో ఒక డాక్యుమెంటరీ ఫెస్టివల్‌లో వేశారు, తర్వాత కొన్ని ఊళ్లలో ఆర్ట్ హాళ్లలో ఆడింది. టీవీ కొనలేదు, 78 నిమిషాలు వాళ్ల ఏ గడిలోనూ పట్టదు. అల్జీరియాలో బహిరంగ ప్రదర్శన జరగలేదు. వ్యాసం సంగతి బయటపడితే పరువు పోతుందన్న భయం తలకిందులైంది. ఇప్పుడు ఫిల్మ్ స్కూళ్లు ఆయన్ని పిలిచేది ఆ వ్యాసం గురించి మాట్లాడమనే. అలా పాఠాలు చెప్పిన గంటలు కొంత పరిమితి దాకా 507లో కలుస్తాయి. పాతికేళ్లలో మొదటిసారి ఆయన రెండు ఉద్యోగాలు ఒకే లెక్కలోకి వచ్చాయి. ఇది నేను ప్లాన్ చేసింది కాదు, క్రెడిట్ తీసుకోను.

నా పని పద్ధతిలో మాత్రం కొన్ని మారాయి. ఇప్పుడు ఏ ప్రాజెక్టులోనైనా నల్ అని గుర్తు పెట్టినవే ముందు చూస్తాను. మనిషి ఏది దాచుకున్నాడో అక్కడే తెలుస్తుంది. దాచుకోవడానికి సరైన కారణాలూ ఉంటాయి కాబట్టి, అవి చూసే, అనువాదం చేయించే హక్కు నాకుందని మొదటిరోజే కాగితం మీద రాయించుకుంటున్నాను. దొంగతనంగా చేయించడం ఈసారి కలిసొచ్చింది, ఇంకోసారి రాదు. దర్శకుడికి ఇంకో వృత్తి ఉంటే ముందు దాని గంటలూ డబ్బులూ లెక్క వేయమంటాను, ఆ తర్వాతే సలహాలు. భాష రాని ఎడిటర్‌గా నాకున్న లోటు గురించి నా అభిప్రాయం కూడా కొంచెం మారింది. దార్జా వచ్చి ఉంటే ఆ క్లిప్‌లో మాటలు వినేదాన్ని, ఊరి ముచ్చట్లే అనుకుని దాటేసేదాన్నేమో.

డీసీపీ, అంటే హాళ్లలో వేసే డిజిటల్ కాపీ, తయారవడానికి మూడు రోజుల ముందు, ఆపరేటర్ తాతకి లింకు పంపాం. మనవడి ఫోన్లో, నెట్ ఆగుతూ సాగుతూ, సగం రాత్రి చూశాడట. మర్నాడు దర్శకుడికి ఫోన్ చేశాడు. స్పీకర్ ఆన్‌లో ఉంది, నేను పక్కనే ఉన్నాను. బాగుంది, బాగుంది అన్నాడు. తర్వాత ఏదో అడిగాడు, మా దర్శకుడు పకపకా నవ్వి నా వైపు తిరిగారు.

"బస్సు డ్రైవర్ ఏడీ అంటున్నాడు."

పదకొండు నిమిషాల్ని చివరి కట్‌లో తొమ్మిదికి దించినప్పుడు, డబ్బాలు తెచ్చే బస్సు డ్రైవర్ గురించి తాత చెప్పిన ముక్క నేనే తీసేశాను. అతని పేరు, అతనికి పొగాకు తెచ్చిపెట్టడం, నాలుగో డబ్బా రాలేదని అతనితో తగవు. కథకి అక్కర్లేదనుకున్నాను.

"మీరూ రీలు లేపేశారు అంటున్నాడు" అన్నారు దర్శకుడు.

ఆ సాయంత్రం టైమ్‌లైన్ తెరిచి, డ్రైవర్‌ని వెనక్కి తెచ్చి పెట్టాను. నలభై సెకన్లు.